హార్బిగ్ లెక్కలో 800 మీటర్లు: ఇంటర్వల్స్ మనం ఎలా చేసుకోవాలి

పొద్దున్నే ఏ గ్రౌండ్‌కి వెళ్ళినా ఈ సీన్ కనబడుద్ది. ఎవరో కుర్రాడు రాత్రి ఫోన్‌లో ఏదో వీడియో చూసొచ్చి "ఇవాళ ఇంటర్వల్స్ రా" అంటాడు, 400 ఒకటి ప్రాణం పెట్టి లాగిస్తాడు, మోకాళ్ళ మీద చేతులు పెట్టుకుని రొప్పుతాడు, పక్కోడితో ఐదు నిమిషాలు కబుర్లు, మళ్ళీ ఇంకోటి, మూడోదానికి వాంతి, ఇక ఇంటికి. నేను కూడా రెండేళ్ళు అచ్చం ఇలాగే చేశాను, టైం మాత్రం ఒక్క సెకను కూడా తగ్గలేదు. ఎందుకంటే ఇంటర్వల్ అంటే రెండు పరుగుల మధ్య ఉండే గ్యాప్, పేరే అది, నేను మాత్రం పరుగు ఒక్కటే లెక్కపెట్టుకుని ఆ గ్యాప్‌ని గాలికొదిలేశాను.

ఆ గ్యాప్‌ని వాచీ పెట్టి లెక్కగా వాడిన జంట జర్మనీలో డ్రెస్డెన్‌లో కలిసింది, రన్నర్ పేరు రుడాల్ఫ్ హార్బిగ్, కోచ్ పేరు వోల్డెమార్ గెర్ష్‌లర్. కొంచెం హార్బిగ్ కథ చెప్పుకుంటూనే పద్ధతి చెప్తాను, ఎందుకంటే ప్రతి స్టెప్పూ ఆయన కథలో ఎక్కడో ఓ చోట తగుల్తుంది.

1913 నవంబర్ 8న డ్రెస్డెన్‌లో పుట్టాడు. బండి చక్రాలు చేసే పని నేర్చుకున్నాడు, మన వడ్రంగం లాంటిదే అనుకోండి, కానీ అప్పట్లో జర్మనీలో పనులు దొరకని రోజులు, 1932లో మిలిటరీలో చేరిపోయాడు. 1934లో, పేరు లేని ఆటగాళ్ళని వెతకడానికని పెట్టిన పోటీల్లో పరిగెత్తి గెర్ష్‌లర్ కంట్లో పడ్డాడు. అంటే అప్పటికే 20 దాటాయి. "నాకు 21 వచ్చేశాయన్నా, ఇంకేం లాభం" అనేవాళ్ళు ఈ ఒక్క ముక్క గుర్తుపెట్టుకోండి చాలు.

ఐదేళ్ళ తర్వాత, 1939 జులై 15న, మిలాన్‌లో 800 మీటర్లు 1:46.6లో కొట్టాడు. అంతకుముందు రికార్డు ఇంగ్లండ్ రన్నర్ సిడ్నీ వుడర్సన్‌ది, 1:48.4. ఇలాంటి దూరాల్లో రికార్డు పాయింట్లలో, అంటే సెకనులో పదో వంతుల్లో తగ్గుద్ది, రెండు పాయింట్లు, మూడు పాయింట్లు అలా, ఈయన ఒక్క దెబ్బకి 1.8 సెకన్లు తీసేశాడు. అదీ కాలిన బొగ్గు నుసి పరిచిన ట్రాక్ మీద. మనకి అర్థమయ్యేలా చెప్పాలంటే మన శ్రీరామ్ సింగ్ 1976 మాంట్రియల్ ఒలింపిక్స్ ఫైనల్లో, సింథటిక్ ట్రాక్ మీద, 1:45.77 పరిగెత్తాడు, ఆ టైం 2018 దాకా మన దేశపు రికార్డుగా ఉంది. హార్బిగ్ 1939లోనే దాదాపు అక్కడ ఉన్నాడు. అది అయిన నాలుగు వారాలకి ఆగస్టు 12న ఫ్రాంక్‌ఫర్ట్‌లో 400 మీటర్లు 46.0, అదీ ప్రపంచ రికార్డే. 1941లో సొంతూళ్ళో 1000 మీటర్లు 2:21.5, అదీ రికార్డే.

సరే, ఇక మన పని.

ముందు బేస్. ఇది ఎవడూ వినడు, అయినా చెప్తా. నెలన్నర పాటు వారానికి నాలుగైదు రోజులు, మాట్లాడుకుంటూ పరిగెత్తగలిగే స్పీడ్‌లో, 30 నుంచి 45 నిమిషాలు. పక్కనున్నోడితో ఒక పూర్తి వాక్యం చెప్పలేకపోతే మీరు ఎక్కువ స్పీడ్‌లో ఉన్నట్టే. ఇది లేకుండా డైరెక్ట్‌గా ఇంటర్వల్స్‌లోకి దూకితే మూడో వారంలో పిక్క ఎముక ముందు వైపు నొప్పి మొదలవుద్ది, అక్కడితో రెండు నెలలు ఇంట్లో కూర్చోవడమే. ఇంటర్వల్స్ ఒక్కటే సర్వం అనుకునేవాళ్ళకి ఇంకో సంగతి, 1962లో న్యూజిలాండ్ పీటర్ స్నెల్ గడ్డి ట్రాక్ మీద 1:44.3 పరిగెత్తి 800 రికార్డు పట్టుకుపోయాడు, ఆయన కోచ్ ఆర్థర్ లిడియార్డ్ చలికాలమంతా వారానికి 100 మైళ్ళు రోడ్ల మీదా కొండల మీదా పరిగెత్తించేవాడు. రెండు పద్ధతులూ రికార్డులు కొట్టాయి, కాబట్టి ఏదో ఒకదానికి భక్తుడైపోకండి, ముందు లిడియార్డ్ మాట విని కాళ్ళు గట్టిపరుచుకుని ఆ తర్వాత గెర్ష్‌లర్ దగ్గరికి రండి.

రెండోది గ్రౌండ్ కొలవడం. మన కాలేజీ గ్రౌండ్లలో "ఇది 400" అని అందరూ అనుకునేది చాలాసార్లు 350 ఉంటది, లేదంటే 420. ఫోన్ జీపీఎస్‌ని మలుపుల్లో నమ్మలేం. మేస్త్రీల దగ్గర 30 మీటర్ల టేపు ఉంటుంది, ఓ పూట అడిగి తెచ్చుకుని నేరుగా 100 మీటర్లు కొలిచి రెండు వైపులా సున్నం గీత గీసుకోండి. మలుపు లేని 100 మీటర్ల గీత ఒకటుంటే అటూ ఇటూ 200 కూడా చేసుకోవచ్చు, తిరిగేచోట సెకనున్నర దాకా పోతుంది, కానీ ప్రతిసారీ అంతే పోతుంది కాబట్టి మీతో మీరు పోల్చుకోవడానికి ఇబ్బందేం లేదు. హార్బిగ్ రికార్డు కొట్టిన మిలాన్ ట్రాకే 400 కాదు, 500 మీటర్ల రౌండ్ అది. ట్రాక్ కరెక్ట్‌గా లేదని ప్రాక్టీస్ ఎగ్గొట్టడానికి వీల్లేదన్నమాట.

మూడు, పల్స్ చూడటం నేర్చుకోవాలి. చేతి వాచీలో గుండె లైటు ఉంది కదా అని దాన్ని నమ్ముకోకండి, ఆగిన వెంటనే అది కొన్ని సెకన్లు వెనకబడి చూపిస్తది, మనకి కావాల్సింది సరిగ్గా ఆ కొన్ని సెకన్లే. రెండు వేళ్ళు మెడ పక్కన, గొంతు గడ్డకి పక్కగా, మెల్లగా ఆనించి 10 సెకన్లు లెక్కపెట్టి ఆరుతో గుణించండి. 30 వస్తే 180, 20 వస్తే 120. ఈ రెండంకెలు గుర్తుంటే చాలు, గుణకారం కూడా అక్కర్లేదు. మెడ గట్టిగా నొక్కకూడదు, రెండు వైపులా ఒకేసారి అసలు నొక్కకూడదు, కళ్ళు తిరుగుతాయి. మొదట ఇంట్లో కుర్చీలో కూర్చుని ఓ వారం ప్రాక్టీస్ చెయ్యండి, గ్రౌండ్‌లో రొప్పుతూ మొదటిసారి వెతికితే అసలు దొరకదు.

ఇప్పుడు అసలు విషయం. గెర్ష్‌లర్ తర్వాత ఫ్రైబర్గ్‌లో హెర్బర్ట్ రైన్‌డెల్ అనే గుండె డాక్టర్‌తో కలిసి ఈ పద్ధతికి అంకెలు పెట్టాడు. వార్మప్‌తో పల్స్ 120కి తేవాలి, ఆపైన 100 గానీ 200 గానీ 400 గానీ పరిగెత్తి 180 దగ్గరికి తీసుకెళ్ళాలి, ఆగాలి, మళ్ళీ 120 దగ్గరికి దిగేదాకా చూడాలి. దిగడానికి ఎక్కువలో ఎక్కువ 90 సెకన్లు. ఆలోపే దిగిపోతే ఇంకా కబుర్లు లేవు, వెంటనే తర్వాతి పరుగు. 90 సెకన్లైనా దిగలేదంటే ఆ పరుగు మీ స్థాయికి మించిపోయింది, స్పీడన్నా తగ్గించాలి దూరమన్నా తగ్గించాలి. మొత్తం ఇంతే, కాగితం మీద నాలుగు లైన్లు.

ఎందుకు పనిచేస్తుందంటే వాళ్ళు చెప్పిన కారణం ఇది. పరుగు ఆపగానే గుండె కొట్టుకునే వేగం దిగుతూ ఉంటుంది గానీ కాళ్ళ నుంచి రక్తం మాత్రం ఇంకా జోరుగా తిరిగొస్తూనే ఉంటుంది, అందుకని ఒక్కో దెబ్బకి గుండె నిండుగా నిండి నిండుగా పంపుతుంది. బోరింగు కొట్టినవాళ్ళకి ఇది తేలిగ్గా అర్థమవుద్ది, టకటకా పొట్టి దెబ్బలు కొడితే బిందె నిండదు, హ్యాండిల్ పూర్తిగా పైకెత్తి పూర్తిగా దించితేనే నీళ్ళు ధారగా పడతాయి. అంటే గుండెకి అసలు కసరత్తు మనం నడుస్తున్న ఆ నిమిషంలో జరుగుతోందని వాళ్ళ వాదన. దీన్ని ఇప్పటి వాళ్ళు అక్షరం అక్షరం ఒప్పుకోరు, పరుగులో కూడా గుండెకి పనుందని అంటారు, ఆ గొడవ మనకెందుకు. మనకి పనికొచ్చేది ఆ 90 సెకన్ల కట్టుబాటు, ఎందుకంటే అది అబద్ధం చెప్పదు. నిన్న రాత్రి రెండింటికి పడుకున్నారా, ఒంట్లో జ్వరం మొదలవుతోందా, మొన్నటి ప్రాక్టీస్ అలసట తీరలేదా, అన్నీ ఆ పల్స్‌లో తెలిసిపోతాయి.

ఇక్కడ ఒక పెద్ద జాగ్రత్త ఉంది. 180, 120 అనేవి ఇరవైల్లో ఉన్న ఆరోగ్యవంతులకి. వయసు పెరిగే కొద్దీ గుండె పైహద్దు దిగుతుంది, 45 ఏళ్ళాయనకి 180 అంటే అదే ఆఖరి హద్దు కావచ్చు. 220లోంచి వయసు తీసేస్తే సుమారు హద్దు వస్తదంటారు, మనిషికీ మనిషికీ తేడా ఉంటది గానీ మొదలుపెట్టడానికి పర్లేదు. ఆ హద్దులో పదోవంతు తక్కువ దాకా తీసుకెళ్ళండి, మూడింట రెండొంతులకి దిగాక మళ్ళీ పరిగెత్తండి. బీపీకి మందులు వేసుకునేవాళ్ళలో కొన్ని మందులు పల్స్‌ని పైకి పోనివ్వవు, వాళ్ళకి ఈ లెక్క తప్పుద్ది. 40 దాటినవాళ్ళు, ఇంట్లో గుండెజబ్బు ఉన్నవాళ్ళు, ఛాతీలో ఎప్పుడైనా పట్టేసినట్టు అనిపించినవాళ్ళు డాక్టర్‌కి చూపించుకోకుండా ఇందులో ఒక్క స్టెప్పు కూడా చెయ్యొద్దు.

స్పీడ్ ఎంత పెట్టుకోవాలి అంటే, మీ ఇప్పటి 800 టైం తీసుకోండి, కావాలనుకుంటున్న టైం కాదు, ఇప్పటిది. 2:24 అనుకుందాం, అంటే 144 సెకన్లు, నాలుగో వంతు 36. మొదటి రెండు వారాలు 200లు 36లోనే, ఆరు. అంతే, ఆరు చాలు. ఆరోది అయ్యాక ఇంకో రెండు కొట్టగలను అనిపించాలి, అనిపించినా కొట్టకూడదు. తర్వాత వారానికొకటి పెంచుకుంటూ పది దాకా వెళ్ళండి. పదీ 36లో వచ్చేసి, ప్రతిదాని తర్వాతా పల్స్ 90 సెకన్లలోపే దిగుతోందంటే అప్పుడు 35కి రండి, మళ్ళీ ఏడుతో మొదలు. మనోళ్ళు చేసే తప్పేంటంటే మొదటిది 31లో కొట్టి ఆఖరిది 42లో ఈడ్చుకొస్తారు. అన్నీ ఒక సెకను తేడాలో ఉండాలి, అన్నింటికన్నా స్పీడైంది ఆఖరిది అయితే ఆ రోజు ప్రాక్టీస్ బాగా కుదిరినట్టు.

కానిస్టేబుల్ ఈవెంట్స్‌కి ప్రిపేర్ అయ్యేవాళ్ళకి కూడా ఇదే లెక్క నడుస్తుంది. తెలంగాణలో 2022 నోటిఫికేషన్‌లో మగవాళ్ళకి 1600 మీటర్లు 7 నిమిషాల 15 సెకన్లు, ఆడవాళ్ళకి 800 మీటర్లు 5 నిమిషాల 20 సెకన్లు. ఆంధ్రాలో మగవాళ్ళకి 1600కి 8 నిమిషాలు. కొత్త నోటిఫికేషన్ వచ్చినప్పుడు ఒకసారి చూస్కోండి. 7:15 అంటే ఒక 400కి ఒక నిమిషం 48 ముప్పావు సెకన్లు, 200కి 54 పైచిలుకు. వీళ్ళు 200లు 50లో, ఎనిమిది నుంచి పన్నెండు దాకా చేసుకుంటే ఈవెంట్ రోజున 54 అనేది జాగింగ్ లాగా అనిపిస్తుంది. రోజూ పోయి 1600 ఫుల్‌గా కొట్టి టైం చూసుకునే అలవాటు మానెయ్యండి, అది రోజూ పరీక్ష రాయడం, చదవడం ఎప్పుడు మరి.

గ్యాప్‌లో ఏం చెయ్యాలి? నడవండి. కూలబడొద్దు, వంగి మోకాళ్ళు పట్టుకోవద్దు, నడుము మీద చేతులు పెట్టుకుని మెల్లగా నడవండి, ముక్కుతోనో నోటితోనో ఎలా వస్తే అలా గాలి పీల్చండి. 30 సెకన్లప్పుడు ఒకసారి, 60కి ఒకసారి, 80కి ఒకసారి వేళ్ళు పెట్టి చూడండి. నీళ్ళు గుక్కెడే. ఫోన్ బ్యాగులో పెట్టి జిప్ వెయ్యండి, ఎందుకంటే గ్యాప్‌లో ఫోన్ చూస్తే 90 కాస్తా నాలుగు నిమిషాలవుద్ది, నా సంగతి నాకు తెలుసు.

డ్రెస్డెన్‌కీ మనకీ ఉన్న ముఖ్యమైన తేడా ఎండ. ఏప్రిల్, మే నెలల్లో పొద్దున ఏడింటికే ఒళ్ళు కాగిపోతుంటే గుండె పనిలో కొంత చర్మాన్ని చల్లబరచడానికే పోతది, పల్స్ 120కి 90 సెకన్లలో దిగనే దిగదు. అప్పుడు మీరు వీకైపోయారని కాదు, వాతావరణం అంతే. ఐదింటికల్లా గ్రౌండ్‌లో ఉండండి, అప్పటికీ ఉక్కగా ఉంటే 200లు తీసేసి 100లు చెయ్యండి, లేదా స్పీడ్ రెండు సెకన్లు వదిలెయ్యండి. మొండిగా ఏప్రిల్ ఎండలో డిసెంబర్ టైమింగ్స్ కోసం కొట్టుకోవడం తెలివితక్కువతనం, నేను చేసి వడదెబ్బ తిన్నాను కాబట్టి చెప్తున్నా.

వారం ఎలా ఉండాలంటే ఇంటర్వల్స్ రెండు రోజులు, మధ్యలో కనీసం రెండు రోజుల గ్యాప్, మంగళవారం శుక్రవారం అనుకోండి. ఒక రోజు అచ్చంగా స్పీడ్ కోసం, 120 గానీ 150 గానీ మీటర్లు నాలుగైదుసార్లు, దాదాపు ఫుల్ స్పీడ్, మధ్యలో ఐదు నిమిషాల రెస్ట్, ఇక్కడ పల్స్ లెక్క లేదు, పూర్తిగా తేరుకున్నాకే పరిగెత్తాలి. ఈ రోజుని తీసేయకండి, హార్బిగ్ 800 అంత బాగా రావడానికి సగం కారణం ఆయన 46 సెకన్ల 400 రన్నర్ కూడా కావడం, మొదటి రౌండ్ 52, 53లో పోతున్నా ఆయన కాళ్ళకి ఇంకా మిగులుంటది. మిగతా రోజులు మెల్లగా పరుగు, ఒక రోజు పూర్తి సెలవు. ఆదివారం బిర్యానీ మీ ఇష్టం.

వార్మప్ గురించి ఎక్కువ చెప్పను, 12 నుంచి 15 నిమిషాలు జాగింగ్, కాళ్ళూ నడుమూ వదులు చేసే కదలికలు, తర్వాత 80 మీటర్లు నాలుగుసార్లు స్పీడ్ పెంచుకుంటూ. పల్స్ 120 దగ్గరుంటే రెడీ. అయిపోయాక పది నిమిషాలు మెల్లగా.

ఇక రేసు. 800లో ట్రెయినింగ్‌కి ఎంత విలువుందో బుర్రకీ అంతే ఉంది. మిలాన్‌లో ఆ రోజు ముందు పరిగెత్తింది ఇటలీ వాళ్ళ మారియో లాంజీ, సొంత జనం ముందు గట్టిగా లాగాడు, హార్బిగ్ ఆయన వీపు వెనకే ఉండిపోయి ఆఖర్లో మాత్రమే బయటికొచ్చాడు, లాంజీ 1:49.0, ఈయన 1:46.6. నాకైతే ఇందులో లాంజీకి కూడా సగం క్రెడిట్ ఇవ్వాలనిపిస్తది, అలా ముందు లాగేవాడు లేకపోతే ఆ టైం వచ్చేదే కాదు. మీకు నేర్చుకోవాల్సింది ఏంటంటే గాలిని ముందున్నవాడికి వదిలెయ్యాలి, కానీ అడుగున్నర, రెండడుగుల దూరంలోనే ఉండాలి, అంతకన్నా వెనకబడితే తాడు తెగిపోయినట్టే, మళ్ళీ అందుకోవడానికి పెట్టే స్పీడే మిమ్మల్ని ఆఖరి 100లో ముంచుద్ది. మలుపులో ఎవర్నీ దాటొద్దు, బయటి నుంచి దాటితే అనవసరంగా మీటర్లు పెరుగుతాయి, నేరు దారి వచ్చాక దాటండి. మొదటి రౌండ్ రెండోదానికన్నా రెండు సెకన్లు స్పీడుంటే చాలు. 2:24 మనిషి 71, 73 పెట్టుకోవాలి, 65కి పోయాడంటే రెండో రౌండ్‌లో గాడిద బరువు ఎక్కినట్టుంటది.

గుంపు మధ్యలో ఇరుక్కుంటే? 1936 బెర్లిన్ ఒలింపిక్స్ ఫైనల్లో అమెరికా కుర్రాడు జాన్ వుడ్రఫ్ చుట్టూ జనం మూసేస్తే దాదాపు ఆగిపోయినంత పని చేసి, అందర్నీ పోనిచ్చి, బయటి లేన్లోంచి చుట్టు తిరిగొచ్చి గెలిచాడు, 1:52.9. అద్భుతమే గానీ మనం చెయ్యకూడనిది, అంత కాళ్ళ బలం ఉన్నోళ్ళకే చెల్లుద్ది. మొదటి 150 మీటర్లలోనే లోపలి గీతకి అతుక్కోకుండా ముందువాడి కుడి భుజం వెనక చోటు పట్టుకుంటే ఆ అవస్థే రాదు.

అదే బెర్లిన్‌లో హార్బిగ్ సొంత జనం ముందు 800 మొదటి హీట్స్‌లోనే, అంటే ఫైనల్‌కి ముందు జరిగే వడపోత పరుగుల్లోనే ఇంటికెళ్ళాడు, ఒంట్లో బాలేదు. కానీ కొన్ని రోజులకి కోలుకుని 4×400 రిలేలో ఆఖరి రౌండ్ తీసుకున్నాడు, జర్మనీకి మూడో స్థానం, టైం 3:11.8. నాలుగో స్థానంలో వచ్చిన కెనడా టైం కూడా 3:11.8. అంటే కంచు పతకం ఛాతీ ఒంచిన తేడాలో వచ్చింది. ఒంట్లో బాలేనప్పుడు దిగి ఓడాడు, కోలుకున్నాక దిగి పతకం తెచ్చాడు, కాబట్టి జ్వరం, విరేచనాలు, గొంతు నొప్పి ఉంటే ఆ రోజుకి దిగొద్దు, సెలక్షన్ పోతే పోయింది అనుకోండి, తగ్గాక కూడా మొదటి ఇంటర్వల్ రోజున పల్స్ 90 సెకన్లలో దిగుతోందో లేదో చూసుకుని అప్పుడు నిర్ణయించుకోండి. రెండేళ్ళ తర్వాత 1938లో పారిస్ యూరప్ పోటీల్లో హార్బిగ్‌కి 800 స్వర్ణం వచ్చింది, 1:50.6లో, రిలేలో కూడా స్వర్ణమే.

మిలాన్ రికార్డు అయ్యి ఏడు వారాలు కాకముందే, 1939 సెప్టెంబర్ 1న, జర్మనీ పోలండ్ మీద పడి యుద్ధం మొదలైంది. నాజీ ప్రభుత్వం ఇలాంటి విజయాలన్నింటినీ తన డప్పుకి వాడుకుంది, ఆ తర్వాత ఆ రన్నర్లనే ఫ్రంట్‌కి పంపింది. 1940 ఒలింపిక్స్ జరగలేదు, 1944వీ జరగలేదు. హార్బిగ్ పారాట్రూపర్ దళంలో సార్జెంట్‌గా ఉండి 1944 మార్చి 5న ఉక్రెయిన్‌లో చనిపోయాడు, 30 ఏళ్ళు. డ్రెస్డెన్‌లో ఫుట్‌బాల్ క్లబ్ డైనమో ఆడే స్టేడియానికి ఇప్పుడు ఆయన పేరే ఉంది.

పోయినా రికార్డు మాత్రం 16 ఏళ్ళు కదల్లేదు. 1955 ఆగస్టు 3న ఓస్లోలో బెల్జియం రన్నర్ రోజర్ మోన్స్ 1:45.7తో దాన్ని తీశాడు, ఆయన వెనక ఉన్నది ఎవరనుకున్నారు, ఇదే గెర్ష్‌లర్. 1952 ఒలింపిక్స్ 1500లో ఎవరూ ఊహించకుండా గెలిచిన లక్సెంబర్గ్ జోసీ బార్తెల్ కూడా ఆయన దగ్గర తయారైనవాడే. ముగ్గురు వేరువేరు దేశాల మనుషుల మీద పనిచేసిందంటే అది హార్బిగ్ ఒక్కడి కాళ్ళ మహిమ కాదని నమ్మకం కుదురుతుంది.

పోటీ ఉన్న వారంలో ఏం చెయ్యాలో చాలామంది అడుగుతారు. ఐదు రోజుల ముందు 200లు నాలుగే, రేసు స్పీడ్‌లో. మూడు రోజుల ముందు 100లు మూడు. మిగతావి మెల్లగా 20 నిమిషాలు, ముందు రోజు నడక. ఈ వారంలో ఎంత చేసినా కొత్త బలం రాదు, ఉన్నది పాడవకుండా చూస్కోవడమే. కొత్త స్పైక్స్ (అడుగున మేకులుండే పరుగు బూట్లు) కొనుక్కుని ఆ రోజే మొదటిసారి వేసుకోవడం లాంటి పనులు చెయ్యొద్దు.

ఆఖరుగా ఒక నోట్‌బుక్ పెట్టుకోండి, యాప్ కాదు, పది రూపాయల నోట్‌బుక్. తేదీ, ఎన్నింటికి, ఎండా చల్లనా, ఒక్కో 200 టైం, దాని పక్కనే పల్స్ 120కి దిగడానికి పట్టిన సెకన్లు. టైం కాలమ్ మిమ్మల్ని మోసం చేస్తుంది, గాలి సాయం ఉంటే తగ్గుద్ది, పక్కన ఫ్రెండ్ పరిగెడితే తగ్గుద్ది. రెండో కాలమ్ చూడండి. నా నోట్‌బుక్‌లో మొదటి పేజీలో ఆరో 200 పక్కన 104 అని ఉంది, అంటే ఆ రోజు నేను అసలు ఆరోది కొట్టకూడదు, ఐదోదానికే ఆపాల్సింది. పదకొండో వారం పేజీలో పదో 200 పక్కన 71 ఉంది. 200 టైం మాత్రం రెండు పేజీల్లోనూ అదే 38.